పడుగుల బయలు

హనుమంతమ్మ ఇంటి పక్క బయల్లో లంకెబిందెలు ఉన్నాయని బండమీదపల్లెలో అందరికీ తెలుసు. చూసినవాళ్లు ఎవరూ లేరు. అయినా తెలుసు.

"లేకుంటే ఏం పని చెప్పు?" అనేది తిరుపాలమ్మ, ఊరి నీళ్ల ట్యాంకు మెట్ల మీద కూర్చుని. "తెల్లారకముందే లేస్తాది. తన వాకిలి ఊడ్చుకోదు, ముందు ఆ ఖాళీ బయలు ఊడుస్తాది. ఈ కొస నుంచి ఆ కొస దాకా. ఊడ్చి నీళ్లు జల్లుతాది. జల్లినంక బండ మీద కూచుని చూస్తాంటాది. ఏం చూస్తాంటాది? ఈ కండ్లతో చూసినా నేను."

"పాము ఉండాదంట కదక్కా ఆడ?"

"ఉండకుండా ఉంటాదా! దానికే నీళ్లు జల్లేది, సల్లగా ఉండాలని."

"అందుకేనా కోర్టుకు పోయింది?"

"మరి దేనికనుకున్నావు? సెల్ టవరంటే ఊరికే నిలబెడతారా? ఇంత లోతు తవ్వల్ల. తవ్వితే బిందెలు బయటపడవూ!"

ఆ మెట్ల మీద కూర్చున్న అందరి చేతుల్లోనూ సెల్‌ఫోన్లు. ఊరు మొత్తానికి సిగ్నల్ దొరికేది ఆ మెట్ల మీదే. కింద మెట్టు మీద ఏమీ ఉండదు. సగం ఎక్కితే ఒక గీత వస్తుంది. పైదాకా పోతే రెండు. ధర్మవరం షావుకార్లు చీరల డిజైన్లు ఫోన్లకే పంపుతారు కాబట్టి మగ్గమున్న ప్రతి ఇంటి నుంచీ రోజుకొకరన్నా ఆ మెట్లెక్కాలి. ఫోటో దిగడానికి చాలాసేపు పడుతుంది. అంతసేపూ మాటలు.

ట్యాంకు కింద కుళాయి ఉంది. బిందె నిండేదాకా హనుమంతమ్మ అక్కడే నిలబడేది. మొదట్లో ఆమెను చూసి పైనున్నవాళ్లు గొంతు తగ్గించేవాళ్లు. తర్వాత అది కూడా మానేశారు. బిందె నిండాక చుట్టకుదురు నెత్తిన సర్దుకుని, బిందె ఎత్తుకుని, ఆమె తన దారిన పోయేది. ఎత్తేటప్పుడు సాయం పట్టేవాళ్లు లేక సగం బిందే పట్టుకోవడం అలవాటు చేసుకుంది.

ఆమె ఆ ఊరికి కోడలిగా వచ్చింది విడపనకల్లు వైపు నుంచి. పుట్టింటివాళ్లు నూలు నేసేవాళ్లు. పట్టుపోగు ముట్టుకున్నది ఇక్కడికి వచ్చాకే. అటువైపు మనుషులకు నోట్లో కన్నడం కలిసే ఉంటుంది. అన్నం వడ్డిస్తే వద్దు అనబోయి "బేడ, బేడ" అనేది. సాలెవీధి ఆడవాళ్లు అది పట్టుకుని కొన్నాళ్లు ఆమెను బేడమ్మ అని పిలిచారు. ఆమెకు ఆ పేరు నచ్చింది కూడా. పిలిచే పేరు ఉందంటే పిలిచేవాళ్లు ఉన్నట్టే కదా.

భర్త సుబ్బన్న మంచి పనిమంతుడు. మగ్గం మీద కూర్చోవడం కంటే పడుగు సాచడంలో ఆయనది అందెవేసిన చెయ్యి. రంగు వేసి ఆరబెట్టిన పట్టుపోగులు మగ్గానికి ఎక్కే ముందు వాటిని నిడుపుగా సాచి, చిక్కులు తీసి, తెగిన పోగులు అతికి, పలచటి గంజినీళ్లు పట్టించి చుట్టాలి. అది ఇంట్లో అయ్యే పని కాదు. వీధి కొసన హనుమంతమ్మ ఇంటిని ఆనుకుని పొడవాటి ఖాళీ స్థలం ఉండేది. దానికి ఈ చివర ఒక రాతికూసం, ఆ చివర ఒక రాతికూసం, పడుగు కొసలు కట్టే నిలువురాళ్లు. సుబ్బన్నా, ఆయనకు వరసకు తమ్ముడైన నరసింహప్పా కలిసి నాటినవి. అదే పడుగుల బయలు.

స్థలం మాత్రం సాలెవాళ్లది కాదు. రైతు బయ్యన్నది. ఆయనను అడిగితే, "వాడుకోండప్పా. నేనేమన్నా ఆడ శెనక్కాయ ఏస్తానా?" అన్నాడు. అంతే. ఆ ఒక్క మాట మీద ఏళ్లు గడిచాయి.

ఎండ తగిలితే పట్టుపోగు బిరుసెక్కుతుంది. గాలి లేస్తే చిక్కుపడుతుంది. దుమ్ము పడితే రంగు మాసిపోతుంది. అందుకని అంతా తెల్లవారుజామునే. ఇంకా ముఖాలు సరిగా కనబడని వెలుతురులో వీధి వీధంతా అక్కడికి వచ్చేది. ఇద్దరు ఆ కొస, ఇద్దరు ఈ కొస, నడుమ ఆడవాళ్లు వరుసగా. పోగు తెగితే ఎవరి ముందు తెగిందో వాళ్లు వేలికి బూడిద అద్దుకుని మెలిపెట్టి అతకాలి. పనంతా చేతులకే కాబట్టి నోళ్లు మాటలకు ఖాళీ.

"ఏం వదినా, నీళ్లు జల్లినావా, మడకతో దున్నేదానికి తడి పెట్టినావా?" అనేవాడు నరసింహప్ప, బురద కాలికి అంటితే.

"నీ కాళ్లకు అదే మొదటి స్నానం కదా మరిదీ, కొంచెం ఎక్కువే జల్లినా," అనేది హనుమంతమ్మ.

అందరూ నవ్వేవాళ్లు. నవ్వితే పడుగంతా ఊగేది. "ఓయ్, నవ్వొద్దండి, పోగులు తెగుతాయి" అని సుబ్బన్న అవతలి కొస నుంచి అరిచేవాడు. మళ్లీ నవ్వు.

సుబ్బన్న చనిపోయేనాటికి వాళ్లకు పిల్లలు లేరు. కర్మాంతరం అయ్యాక వీధి పెద్దలు వచ్చి ఆమె వాకిట్లో కూర్చున్నారు. నరసింహప్పే అన్నాడు.

"వదినా, బయలు నువ్వు చూసుకో. ఎవురి పడుగు ఎప్పుడు సిద్ధమైతాదో ముందుగా తెలీదు. వచ్చినోళ్లు వచ్చినట్టే సాచుకోవల్ల కదా. పొద్దున్నే ఊడ్చి, నీళ్లు జల్లి పెట్టు. ఉగాదికి ఇంటింటికీ ఇంత బియ్యం, జాకెట్టు గుడ్డ మేం సూస్తాం."

ఆమె తల ఊపింది. మరుసటి రోజు చీకటితోనే లేచింది. చీపురు తీసుకుని ఆ కొస నుంచి ఈ కొస దాకా ఊడ్చింది. రాళ్లేరింది. నీళ్లు చల్లింది. అవతలి కొసన సుబ్బన్న గొంతు లేకపోయినా మిగతా గొంతులన్నీ వచ్చాయి. ఇంట్లో ఒక్కతే ఉండే మనిషికి రోజులో ఆ ఒక్క పూట చాలు. మిగిలిన పూటలు దాన్ని తలుచుకుంటూ గడిచిపోతాయి.

బయ్యన్న పోయాడు. కొడుకు సందీప్ రాప్తాడు దగ్గర హైవే మీద సిమెంటు అంగడి పెట్టుకున్నాడు. ఒకరోజు అతను కారులో ఇద్దరు మనుషుల్ని తీసుకొచ్చాడు. వాళ్లు బయల్లో టేపు పట్టి కొలిచి, సున్నంతో చతురస్రం గీశారు. హనుమంతమ్మ వాకిట్లో నిలబడి చూసింది. ఊడ్చిన నేల మీద బూటు గుర్తులు ఎంత స్పష్టంగా పడతాయో అప్పుడే గమనించింది.

"సెల్ టవరు వస్తాది పెద్దమ్మా," అన్నాడు సందీప్. మర్యాదగానే అన్నాడు.

"మరి పడుగులు?"

అతనికి ఆ మాట అర్థం కాలేదు. నవ్వి కారెక్కాడు.

ఆ సాయంత్రం సాలెవీధి భగ్గుమంది. నరసింహప్ప కోపంలో తుండుగుడ్డ విసిరికొట్టాడు. "ఆ బయలు పోతే మనం పడుగులు ఆకాశంలో సాచల్లనా?" అన్నాడు. పక్కింటి బాలప్ప కోర్టు అన్నాడు. మర్నాడే అందరూ బస్సెక్కి ధర్మవరంలో ఒక వకీలు దగ్గరికి పోయారు. ఆడమనిషి కూడా ఉండాలని హనుమంతమ్మను తీసుకుపోయారు.

వకీలు అంతా విన్నాడు. "స్థలం ఎవరిది?" అన్నాడు.

"బయ్యన్నది సార్."

"మీరు వాడుకోవచ్చని రాసిచ్చినాడా?"

"రాసిచ్చేదేంది సార్, నోటితో చెప్పినాడు."

"ఆయన్ని పిలుచుకుని రాండి."

"పోయినాడు సార్."

వకీలు కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. "మాట ఇచ్చినోడు పోయినాడు, కాగితం లేదు. బయలు మీద పోతే కష్టం. సొంత స్థలంలో వాళ్లు ఏమైనా కట్టుకోవచ్చంటారు. మనం రేడియేషన్ అని వేద్దాం. ఇండ్ల మధ్యలో టవరు, ముసిలోళ్లు, ఆడోళ్లు, రోగాలు. ఆరోగ్యం అంటే జడ్జిగారు వింటారు."

"మాకు రోగాలేం లేవే సార్," అన్నాడు బాలప్ప.

"వస్తాయని భయం ఉండాదా లేదా?"

నరసింహప్ప వెనక్కి తిరిగి అందరి ముఖాలూ చూశాడు. "ఉండాది సార్. శానా ఉండాది," అన్నాడు.

"బయలు మాట రాయరా సామీ?" అంది హనుమంతమ్మ. వకీలాఫీసులో ఆమె నోరు తెరిచింది అదొక్కసారే.

"ఒక మూల రాస్తాంలేమ్మా."

దావాలో మొదటి పేరు ఎవరిది పెట్టాలన్న మాట వచ్చింది. హనుమంతమ్మదే పెట్టమన్నాడు నరసింహప్ప. ఆమె ఇల్లే టవరుకు అన్నిటికంటే దగ్గర. పైగా మొగుడు లేని ఒంటి మనిషి, జడ్జి మనసు కరుగుతుంది. ఆమె వంకరటింకరగా సంతకం చేసింది. కింద మిగతావాళ్లు చేశారు. కొన్నాళ్లకే తాత్కాలిక ఉత్తర్వు వచ్చింది. దావా తేలేదాకా బయల్లో పలుగు దించకూడదు. ఊళ్లో అందరూ దాన్ని స్టే అన్నారు. కంపెనీవాళ్లు దించిన ఇనుప ముక్కలు బయలు అంచున అట్లే పడి తుప్పు పట్టసాగాయి. హనుమంతమ్మ వాటి చుట్టూ కూడా ఊడ్చేది.

నిజం చెప్పాలంటే వాయిదాల రోజులు ఆమెకు పండగలా ఉండేవి. వీధి అంతా ఒకే బస్సులో పోయేది. బస్టాండు పక్క హోటల్లో బొరుగుల ఒగ్గాని, మిరపకాయ బజ్జీ తినేవాళ్లు. కోర్టు వరండాలో పిలుపు కోసం కూర్చునేవాళ్లు. పిలిచి, ఇంకో తారీకు చెప్పేవాళ్లు. "ఏం జడ్జి అప్పా, మనల్ని చూసేదానికే పిలుస్తాడా?" అనేవాడు బాలప్ప. పొద్దున బయల్లో ఉన్న మాటలే పగలు వరండాలోకి వచ్చినట్టు ఉండేది.

మార్పు ఎప్పుడు మొదలైందో ఆమెకు తెలియలేదు. అది ఒక రోజున వచ్చింది కాదు. ధర్మవరంలో పడుగును యంత్రం మీద సాచి, చుట్టి, నేరుగా మగ్గానికి ఎక్కించేలా ఇచ్చే చోటు పెట్టారు. మొదట బాలప్ప తెచ్చుకున్నాడు. ఒకసారి చూద్దామని తెచ్చానన్నాడు. తర్వాత ఇంకొకరు. ఒక వారం బయల్లో రెండు పడుగులు సాచారు. ఒక వారం ఒకటి. ఒక వారం ఏమీ లేదు. పనులు లేవేమో, పెళ్లిళ్ల కాలం కాదేమో అనుకుంది ఆమె. ఊడ్చి, నీళ్లు చల్లి, బండ మీద కూర్చుని వీధి వైపు చూసేది. వెలుతురు వచ్చేది. ఎండ వచ్చేది. తడి నేల ఆరిపోయేది. లేచి లోపలికి పోయేది.

అదే కాలంలో షావుకార్లు డిజైన్లను కాగితాల మీద పంపడం మానేసి ఫోన్లకు పంపడం మొదలుపెట్టారు. సిగ్నల్ లేక ఆలస్యంగా చూసినవాడికి చీర పని తప్పిపోయేది. సాలెవీధి చూపు మెల్లగా బయలు మీది నుంచి ట్యాంకు మెట్ల మీదికి మళ్లింది. మెట్ల మీద కూర్చున్నప్పుడు టవరు మాట రాకుండా ఉండదు.

ఒక సాయంత్రం నరసింహప్ప వచ్చాడు. చేతిలో ఒక కాగితం మడిచి పట్టుకున్నాడు. వాకిట్లో మంచం మీద కూర్చోకుండా నిలబడే ఉన్నాడు.

"వదినా, సందీప్‌తో మాట్లాడినాం. రాజీ అయిపోదాం. మేమంతా సంతకాలు పెట్టినాం. నీదొక్కటే ఉండాది."

"రాజీనా?"

"మగ్గాలు నిలిచిపోతాండాయి వదినా. నా కోడలు సునంద సంకన బిడ్డనేసుకుని దినానికి మూడుసార్లు ఆ మెట్లెక్కుతాంది. ఎన్ని దినాలు ఎక్కుతాది?"

"రేడియేషనో?" అంది ఆమె.

నరసింహప్ప నవ్వబోయి ఆగాడు. "అది వకీలు మాట కదా."

"సరే, అది వకీలు మాటే. టవరు కట్టినంక మరి పడుగులు యాడ సాస్తారు మరిదీ?"

ఆయన ఆమె ముఖం చూశాడు. తర్వాత బయలు వైపు చూశాడు. అప్పటికి ఆయన ఇంటి పడుగు ఆ బయల్లో సాచి చాలా కాలమైంది. ఆ మాట నోటిదాకా వచ్చిందేమో, గొంతు సవరించుకున్నాడు. ఎవరి ముఖం మీదనైనా ఏదైనా అనగల మనిషి. ఊళ్లో ఆయన నోటికి జడవనివాళ్లు లేరు. అయినా ఆ ఒక్క మాట రాలేదు.

"అది సూద్దాంలే వదినా," అన్నాడు.

"అయితే అది సూసినంకనే పెడతా సంతకం."

ఆయన కాగితం చేతిలోనే పట్టుకుని వెళ్లిపోయాడు. మళ్లీ రాలేదు. మిగతావాళ్లు దావా నుంచి తప్పుకున్నారు. హనుమంతమ్మ ఒక్కతే మిగిలింది. ఆమె ఒక్కతే మిగిలినా స్టే స్టేగానే ఉంది.

ఆ ఉగాదికి బియ్యం రాలేదు. జాకెట్టు గుడ్డ రాలేదు. అవి రానందుకు ఆమె బాధపడలేదు. తెచ్చేవాళ్లు వాకిట్లో కూర్చుని కాసేపు మాట్లాడి పోయేవాళ్లు, అది పోయింది. తెగిన పోగులు అతకడానికి కూలి ఇచ్చి ఇళ్లలోకి పిలిచేవాళ్లు కూడా తగ్గిపోయి, చివరికి ఎవరూ పిలవకుండా అయింది. వాయిదాలకు ఒక్కతే బస్సెక్కేది. హోటల్లో ఒగ్గాని చెప్పి, సగం తిని, మిగతాది పొట్లం కట్టించుకునేది. ఇంట్లో నోరు తెరవాల్సిన పని లేక, కుళాయి దగ్గర ఎవరైనా పక్కకు జరగమంటే బదులు చెప్పబోయేసరికి గొంతు బొంగురుగా వచ్చేది.

అప్పుడే మెట్ల మీద లంకెబిందెలు పుట్టాయి. ఎవరు మొదట అన్నారో తెలియదు. సాచే పడుగే లేని బయలును రోజూ ఊడ్చే మనిషికి ఊరు ఏదో ఒక కారణం వెతుక్కోవాలి కదా. ఒక పొద్దున ఆమె చీపురుతో వచ్చేసరికి బయలు నడుమ గొయ్యి కనబడింది. పక్కన కోసిన నిమ్మకాయలు, పసుపు, కుంకుమ, ఆరిన అగరుబత్తీలు. ఎవరో బయటివాళ్లు నిధికోసం తవ్వి, బండ తగిలి వదిలేసిపోయారు. ఆమె మన్ను పూడ్చింది. కాలితో తొక్కి చదును చేసింది. నిమ్మకాయలు తీసి పారేసింది. నీళ్లు చల్లింది. పడుగు సాచే నేల ఎగుడుదిగుడుగా ఉండకూడదు.

ఆమె పూడ్చడం తిరుపాలమ్మ చూసింది. "చూసినారా? బయటోళ్లను తవ్వనీదంట," అని మధ్యాహ్నానికల్లా మెట్ల మీద చెప్పింది.

చివరికి ఒక వాయిదాలో హనుమంతమ్మను బోనెక్కించారు. కంపెనీ తరఫు వకీలు నడివయసు మనిషి. గొంతు మెత్తగా ఉంది.

"రేడియేషన్ అంటే ఏమిటమ్మా?"

"తెలీదు సామీ."

ఆమె వకీలు తల దించుకున్నాడు.

"మరి తెలియకుండానే దావా వేశారా?"

"బయలు కోసరం సామీ. పడుగులు సాచేదానికి."

"ఎవరు సాస్తారు?"

"అందరూ సాస్తారు. నరసింహప్ప, బాలప్ప, మా వీధంతా."

"వాళ్లంతా దావా నుంచి తప్పుకున్నవాళ్లే కదా?"

"అవును సామీ."

"పోయిన నెల ఎవరు సాచారు?"

ఆమె ఆలోచించింది.

"పోనీ, పోయిన సంవత్సరం?"

ఆమె బోను చెక్కను పట్టుకుంది. అది అరచేతులకు నున్నగా తగిలింది. ఎంతమంది పట్టుకున్నారో.

"చివరిసారి అక్కడ పడుగు సాచింది ఎప్పుడో గుర్తుందా అమ్మా?" ఆయన గొంతులో ఎకసెక్కం లేదు. తెలుసుకోవాలని అడిగినట్టే అడిగాడు.

ఆమెకు గుర్తుంది. బాలప్ప పడుగు, నెమలికంఠం రంగు. సగంలో గాలి లేచింది. పోగులు చిక్కుపడి అందరూ కేకలు పెట్టారు. "ఈ పడుగు పాడుగాను" అని బాలప్ప తిట్టాడు. యంత్రం దగ్గర వరస దొరక్క ఆ ఒక్కసారి బయలుకు వచ్చిన అతను మళ్లీ రాలేదు.

"సునంద పెండ్లికి ముందర సామీ."

"సునంద ఎవరు?"

"నరసింహప్ప కోడలు."

"ఆమెకు పిల్లలున్నారా?"

"బిడ్డ ఉండాది. నడుస్తాంది."

ఎవరో నవ్వారు. వకీలు నవ్వలేదు. ఇక అడగడానికేమీ లేదని చెప్పి కూర్చున్నాడు. జడ్జిగారు ఏదో రాసుకున్నారు. హనుమంతమ్మ ఇంకా బోనులోనే నిలబడి ఉంటే, అయిపోయింది దిగమ్మా అని బంట్రోతు చెప్పాడు.

వరండాలో ఆమె తన వకీలుతో అంది. "వెనక్కి తీసుకుందాం సామీ."

"ఇంకా ఏం మునిగిపోలేదమ్మా. వాదిస్తాను. గెలవొచ్చు కూడా."

"గెలిచి నేనేం చేయల్ల? పడుగుకు రెండు కొసలు ఉంటాయి. ఈ కొస నేను పట్టుకుంటా. ఆ కొస పట్టుకునేదానికి ఒక మనిషన్నా కావల్ల కదా."

ఆయన కాగితం తయారుచేయించాడు. ఆమె సంతకం చేసింది. ఆ పూట ఒగ్గాని తినకుండానే బస్సెక్కింది. బస్సు దిగి వీధిలో నడుస్తుంటే నరసింహప్ప అరుగు మీద కూర్చుని ఉన్నాడు. ఏమైందని అడుగుతాడేమోనని అడుగు నెమ్మది చేసింది. ఆయన తల తిప్పుకోలేదు గానీ అడగలేదు. అడగని మాటకు జవాబు ఎట్లా చెబుతారు? ఆమె ఇంటికి పోయింది.

ఊళ్లోకి మాట వేరే దారిన వచ్చింది. కోర్టులో హనుమంతమ్మ కేసు కొట్టేశారంట, జడ్జి బాగా తిట్టినాడంట, రేపో మాపో జేసీబీ వస్తుందంట.

జేసీబీ వచ్చిన రోజు తెల్లవారకముందే ఊరు బయల్లో ఉంది. సాలెవీధే కాదు, రైతులు, కూలిపనికి పోవాల్సినవాళ్లు, పక్క ఊరి నుంచి ఆటోల్లో వచ్చినవాళ్లు కూడా. లంకెబిందెలు బయటపడే చోట అందరూ ఉండాలనుకున్నారు. హనుమంతమ్మ వాళ్లందరికంటే ముందే లేచింది. రోజూలాగే ఊడ్చింది. రోజూలాగే నీళ్లు చల్లింది. ముఖాలు సరిగా కనబడని ఆ వెలుతురులో మనుషులు ఒక్కొక్కరే వచ్చి నిలబడుతుంటే, చీపురు చేతిలో పట్టుకుని ఆమె కొంచెంసేపు అట్లే ఉండిపోయింది. ఆ గొంతులు, ఆ దగ్గులు, కాలికి తడి అంటితే విదుల్చుకోవడం. బాలప్ప ఎవరినో ఏదో అని నవ్వించాడు. ఆమె బండ మీద కూర్చుంది.

"ఏమప్పా, ఈడ పెండ్లేమన్నా ఉండాదా? ఇంత శుభ్రంగా ఊడ్చి పెట్టినారే," అన్నాడు జేసీబీ నడిపేవాడు.

సునంద బిడ్డను ఎత్తుకుని వచ్చి బండ పక్కన నిలబడింది. ఆ కోడలు ఎవరితోనూ ఎక్కువ మాట్లాడదు.

యంత్రం తవ్వసాగింది. ఎర్రమన్ను వచ్చింది. గరుసు వచ్చింది. తూర్పు కొసనున్న రాతికూసాన్ని పెకిలించేటప్పుడు అడుగున ఏదో గరగరమంది.

"తగిలింది! తగిలింది!" అని తిరుపాలమ్మ అరిచింది. జనం ముందుకు తోసుకున్నారు. బయటపడింది పిడికెడంత మట్టిముంత. మూతికి కట్టిన గుడ్డ చివికిపోయింది. బాలప్ప దాన్ని అందుకుని అందరి ముందూ బోర్లించాడు. నల్లటి పొడి రాలింది, దాంతోపాటు ఒక చిన్న పట్టుపోగుల చిక్కు.

"ఏందిది?"

అప్పుడు వెనకనుంచి నరసింహప్ప అన్నాడు. గొంతు చిన్నగా వచ్చింది.

"నవధాన్యాలు. కూసం నాటేటప్పుడు అడుగున మేమే పెట్టినాం. సుబ్బన్న, నేను. పడుగులు తెగకుండా ఉండాలని ఇంత పట్టుపోగు కూడా ఏసినాం." ఆగి, "నాకే జ్ఞాపకం లేదు," అన్నాడు.

ఇంకా తవ్వారు. కింద బండ తప్ప ఏమీ లేదు. ఎండ ఎక్కింది. పనులున్నవాళ్లు పోయారు, ఆటోలు పోయాయి. నరసింహప్ప బండ దగ్గరికి వచ్చాడు. ఆమె ఎదుట నిలబడి తుండుగుడ్డను ఈ భుజం మీది నుంచి ఆ భుజం మీదికి మార్చుకున్నాడు.

"వదినా," అన్నాడు.

ఆమె తల ఎత్తి చూసింది.

"ఎండెక్కుతాంది. లోపలికి పో," అని వెళ్లిపోయాడు.

రెండో వానాకాలానికి టవరు నిలబడింది. చుట్టూ కంచె వేశారు. ఇప్పుడు ఇళ్లలోనే ఫోన్లు మోగుతున్నాయి. ట్యాంకు మెట్ల మీద ఎవరూ కూర్చోవడం లేదు. హనుమంతమ్మ బిందె పట్టుకునేటప్పుడు కుళాయి దగ్గర కూడా ఎవరూ ఉండరు. కంచెకూ ఆమె గోడకూ మధ్య ఒక పట్టీలా కొంచెం బయలు మిగిలింది. తెల్లవారకముందే ఆమె దాన్ని ఊడ్చి, నీళ్లు చల్లుతుంది.

బిందెలు దొరకలేదని కథ ఆగలేదు. జేసీబీ రాకముందే ఆమె తీసి ఇంట్లో పెట్టుకుందని, మిగతావి ఆ పట్టీ కింద ఉన్నాయని, అందుకే ఇంకా ఊడుస్తోందని చెప్పుకుంటున్నారు.

సుబ్బన్న కర్మాంతరం అయిన రోజు ఆమె వాకిట్లో కూర్చుని, పొద్దున్నే బయలు ఊడ్చి నీళ్లు చల్లి పెట్టమని వీధి పెద్దలు చెప్పారు. ఇక ఊడ్చొద్దని ఇప్పటిదాకా ఎవరూ చెప్పలేదు.